కొన్నవారిని ఓనరే కాదంటే రెంట్ కంట్రోలర్ ఏం తేలుస్తారు?

ప్రశ్న: హైదరాబాద్‌లో నెలకు 3,000 అద్దె ఉన్న మలిగె (దుకాణం గది). పాత ఓనర్ అమ్మేశారు. కొన్నవారు ఖాళీ చేయించాలని రెంట్ కంట్రోలర్ (అద్దె వివాదాలు విచారించే అధికారి) దగ్గర పిటిషన్ వేస్తే, అద్దెదారు "వీళ్లెవరో నాకు తెలియదు, అద్దె పాతాయనకే ఇస్తున్నా" అంటున్నారు. టైటిల్ (యాజమాన్య హక్కు) కోసం ముందు సివిల్ కోర్టుకు వెళ్లాలా?

జవాబు 1: అక్కర్లేదండీ. 1960 అద్దె నియంత్రణ చట్టం ప్రకారం అద్దె తీసుకునే హక్కున్నవారూ ల్యాండ్‌లార్డే. కంట్రోలర్ టైటిల్‌ను తుదిగా తేల్చరు. అద్దెదారు మిమ్మల్ని ఓనర్ కాదనడం నిజాయితీగా చేసిందా, కాదా అన్నదే చూస్తారు (సెక్షన్ 10(1)). నిజాయితీగానే అంటే మీరు సివిల్ కోర్టుకు వెళ్లాలి. సాకు అని తేలితే అదే ఖాళీ చేయించడానికి ఒక కారణం, 10(2)(vi).

జవాబు 2: చాలా కేసులు నోటీసు దగ్గరే దెబ్బతింటాయి. అమ్మకం సంగతి తెలియక అద్దెదారు పాత ఓనర్‌కు కట్టిన అద్దెకు ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 109 రక్షణ ఉంది. ఆ నెలలను బకాయిగా చూపితే పిటిషన్ బలహీనపడుతుంది. సేల్ డీడ్ కాపీ జతచేసి స్పీడ్ పోస్టులో నోటీసు పంపి, అందినట్టు వచ్చే రుజువు దాచండి. పాత ఓనర్‌తో సాక్ష్యం చెప్పించగలిగితే సగం గొడవ తీరినట్టే. ఆస్తిపన్ను రసీదు ఒక్కదాన్నే నమ్ముకోకండి, అది టైటిల్ కాదు.

జవాబు 3: అద్దెదారు వైపు మాట కూడా. ఎవరికివ్వాలో నిజంగా సందేహముంటే 1960 చట్టం సెక్షన్ 9 కింద అద్దె డిపాజిట్ చేయొచ్చు. ఎవరికీ కట్టకుండా కూర్చుంటే ఆ సందేహాన్ని ఎవరూ నమ్మరు. కంట్రోలర్ ఆర్డర్‌పై అప్పీలుకు గడువు 30 రోజులే.