మైకా లెవీ చిత్రసంగీతం: ఇంత తక్కువ సినిమాలతో అంత ప్రభావం ఎలా?

ప్రశ్న:
జొనాథన్ గ్లేజర్ తీసిన ‘అండర్ ది స్కిన్’ (2013) చూసినప్పటి నుంచి దాని సంగీతం నా చెవుల్లోంచి పోవడం లేదు. అది స్వరకర్త మైకా లెవీకి తొలి చిత్రమని, అంతకుముందు లండన్‌లో ‘మైకాచూ అండ్ ది షేప్స్’ అనే పాప్ బృందం నడిపేవారని తెలిసి మరింత ఆశ్చర్యపోయాను. తర్వాత చేసిన పూర్తి నిడివి చిత్రాలనూ వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. పాప్ నుంచి ఇంత విచిత్రమైన చిత్రసంగీతానికి దారి ఎలా పడింది?

మొదటి సమాధానం:
పాప్ బృందం ఒక పార్శ్వం మాత్రమే. లెవీ లండన్‌లోని గిల్డ్‌హాల్ విద్యాలయంలో సంగీత రచన చదివారు. మీరు తప్పక వినవలసింది లండన్ సిన్ఫోనియెట్టా అనే వాద్యబృందంతో కలిసి చేసి, 2011లో విడుదల చేసిన ‘చాప్డ్ అండ్ స్క్రూడ్’. అమెరికాలోని హ్యూస్టన్‌లో డీజే స్క్రూ అనే సంగీతకారుడు పాటల వేగాన్ని బాగా తగ్గించి, ముక్కలు చేసి వినిపించిన పద్ధతిని అందులో శాస్త్రీయ వాద్యబృందానికి అన్వయించారు. ‘అండర్ ది స్కిన్’లో వయోలా (వయొలిన్ కంటే కాస్త పెద్దగా, మంద్రంగా పలికే వాద్యం) నాదాన్ని సాగదీసి, వేగమూ శ్రుతీ మార్చి, మనిషి వాయించినట్టూ వాయించనట్టూ వినిపించేలా చేయడం ఆ ఆలోచనకు కొనసాగింపేనని నా అభిప్రాయం. కాబట్టి లెవీ సినిమా కోసం కొత్త భాష నేర్చుకోలేదు, తన దగ్గరున్నదానినే సినిమాకు ఇచ్చారు.

రెండవ సమాధానం:
కర్ణాటక పద్ధతిలో వయొలిన్ నేర్చుకున్నవాడిగా ఒక మాట చేర్చాలనిపిస్తోంది. మనకు జారు గమకం స్వరం నుంచి స్వరానికి చేరుస్తుంది, చేరిన చోట చెవికి నిలకడ దొరుకుతుంది. అమెరికా అధ్యక్షుడు కెనడీ హత్య తర్వాత ఆయన భార్య జాకీ కథ చెప్పే, లెవీకి ఆస్కార్ నామినేషన్ తెచ్చిన ‘జాకీ’ (2016) ఆరంభంలో తీగవాద్యాలన్నీ కలిసి కిందికి జారుతాయి. ఆ జారుడుకు ఆధారస్వరమంటూ ఉన్నట్టు తోచదు, కాళ్ల కింద నేల కదిలినట్లుంటుంది. భర్తను కోల్పోయిన స్త్రీ మనఃస్థితిని చెప్పడానికి శోకరాగం అవసరం లేదని ఆ కొద్ది క్షణాలే నిరూపించాయి.

మూడవ సమాధానం:
పై ఇద్దరితో ఏకీభవిస్తూనే, లెవీ ప్రభావానికి అసలు కారణం మితమని చెబుతాను. అలెహాండ్రో లాండెస్ తీసిన కొలంబియా చిత్రం ‘మోనోస్’ (2019)లో సీసా మూతి మీద ఊదిన ధ్వని, ఈల, టింపనీ (పెద్ద భేరి), సింథసైజర్, దాదాపు ఇంతే సామగ్రి; చిత్రం పొడవునా సంగీతమూ కొద్దిసేపే వినిపిస్తుంది. గ్లేజర్‌తో మళ్లీ చేసిన ‘ది జోన్ ఆఫ్ ఇంట్రెస్ట్’ (2023)లో ఇంకా ముందుకు వెళ్లారు. మొదట్లో తెర నల్లగా ఉన్నప్పుడు, చివర పేర్లు వచ్చేటప్పుడు తప్ప చాలావరకు సంగీతమే లేదు. నాజీల మరణశిబిరమైన ఆష్విట్జ్ గోడకు ఇవతల సాగే, ఆ శిబిరం అధికారి కుటుంబ జీవితాన్ని చూపే ఆ చిత్రంలో, గోడ అవతలి శబ్దాలకు అడ్డురాకుండా సంగీతం తప్పుకుంది. రాసిన సంగీతాన్ని వాడకుండా వదులుకోవడానికి స్వరకర్త, దర్శకుడు ఇద్దరూ సిద్ధపడే చోటే ఇలాంటి పని సాధ్యమవుతుంది. స్వతంత్ర చిత్రాలు లెవీకి ఇచ్చిన అవకాశం అదే. మీరు ముందుగా ‘మోనోస్’ చూడండి, వీలైతే మంచి హెడ్‌ఫోన్లతో.