పర్యావరణ విద్యకు మార్కులు ఉండాలా, వద్దా?

విభాగం: చదువులు, తిరుపతి, చిత్తూరు జిల్లాలు

పలమనేరు మాస్టారు:
నేను ప్రభుత్వ హైస్కూల్లో సైన్సు చెప్తాను. ఎం.సి. మెహతా అనే పర్యావరణ లాయరు వేసిన కేసులో 1991లోనే సుప్రీంకోర్టు పర్యావరణాన్ని బడుల్లో, కాలేజీల్లో తప్పనిసరిగా నేర్పాలని చెప్పింది. ఆ మాటను 2003లో మళ్లీ గట్టిగా గుర్తు చేయాల్సి వచ్చింది. ఇప్పుడు మన దగ్గర జరుగుతున్నది ఏమిటి? చిన్న తరగతుల్లో పరిసరాల విజ్ఞానం ఉంటుంది. హైస్కూలుకు వచ్చేసరికి అది సైన్సులో కొంత, సోషల్లో కొంత కలిసిపోతుంది. పదో తరగతిలో పరీక్షలు దగ్గరపడితే ఆ కొంత కూడా వదిలేస్తారు. నా అభిప్రాయం సూటిగా చెప్తాను. విడిగా సబ్జెక్టు కావాలి, దానికి విడిగా మార్కులు కావాలి. మార్కులు లేని పాఠానికి మన బడుల్లో పీరియడ్ కూడా దక్కదు. మీరేమంటారు?

కుప్పం కుర్రోడు:
ఉన్న సబ్జెక్టులకే పిల్లోళ్లు టెన్షన్ పడి చస్తా ఉండారు సార్. ఇంకోటి ఎందుకు?

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
మాస్టారూ, మార్కులు పెడితే ఏమవుతుందో డిగ్రీ కాలేజీలో కళ్లారా చూసినవాణ్ని. కోర్టు చెప్పాక, యూనివర్సిటీల మీద ఉండే యూజీసీ అన్ని డిగ్రీ కోర్సులకూ ఆరు నెలల పర్యావరణ పాఠ్యాంశం పెట్టింది. అప్పట్లో 100 మార్కుల్లో 75 రాతపరీక్షకు, 25 ఫీల్డ్ వర్క్‌కు. ఫీల్డ్ వర్క్ అంటే ఏమిటో సిలబస్‌లో చక్కగా రాసి ఉండేది. నది, అడవి, కొండ, ఏదో ఒకచోటికి వెళ్లి అక్కడ ఏముందో రాసుకురావాలి. కాలుష్యం ఉన్న ఒక చోటు చూడాలి. మొక్కలు, పురుగులు, పక్షులు గుర్తుపట్టాలి. తిరుపతిలో దీనికి కొదవేముంది? తలెత్తితే శేషాచలం. 2010లో దాన్ని బయోస్ఫియర్ రిజర్వుగా, అంటే అక్కడి జీవజాలాన్ని కాపాడే ప్రాంతంగా ప్రకటించారు. ఎర్రచందనం సహజంగా పెరిగేదే ఈ కొండల చుట్టుపక్కల.

నేను పనిచేసిన కాలేజీలో ఆ 25 మార్కులు రికార్డు చూసి వేసేవాళ్లు. రికార్డు జిరాక్స్ షాపులో రెడీగా దొరికేది. పిల్లలందరి రికార్డుల్లో ఒకే చెరువు, అవే పక్షులు. కొండకు తీసుకెళ్తానని నేను అడిగితే బస్సు ఖర్చు ఎవరు పెడతారన్నారు. మార్కులు పెట్టడం వల్లే పాఠం చచ్చిపోయింది. మార్కులే లేకపోతే కనీసం ఇష్టమున్న పదిమంది పిల్లలు నాతో వచ్చేవాళ్లు.

పలమనేరు మాస్టారు:
సార్, ఆ 25 మార్కులు మీ కాలేజీ సరిగ్గా వేయకపోతే తప్పు మార్కులదా, వేసినవాళ్లదా?

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
తప్పు ఎవరిదని కాదు. 25 మార్కులు పెట్టిన ప్రతిచోటా ఇదే జరుగుతుంది అంటున్నాను.

పలమనేరు మాస్టారు:
ప్రతిచోటా అని మీరెలా అంటారు? ఫిజిక్స్, కెమిస్ట్రీ ప్రాక్టికల్స్‌కూ మార్కులున్నాయి. రికార్డులు కొంటున్నారని ల్యాబులు మూసేశామా? 25 చాలకపోతే 50 చేయండి. బయటినుంచి ఎగ్జామినర్‌ని పిలవండి.

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
50 చేస్తే జిరాక్స్ షాపువాడు రేటు పెంచుతాడు, అంతే.

తిరుపతి నాన్న:
మీరిద్దరూ 25, 50 అని కొట్లాడుకుంటున్నారు. మా బాధ ఎవరు వింటారు? మా పాప ప్రైవేటు స్కూల్లో ఏడో తరగతి. 'భూమిని కాపాడండి' అని ప్రాజెక్టు. దానికి థర్మాకోల్ షీట్లు, రంగులు, ప్లాస్టిక్ చెట్లు, అన్నీ మేమే కొనాలి. అయిపోయాక అదంతా చెత్తలోకే పోయింది. తర్వాత ర్యాలీ. ఎండలో అట్టముక్కలు పట్టుకుని నడిపించారు, పాపకు జ్వరం. మీరు దీనికి మార్కులు కూడా పెడితే ఆ స్కూలు ఇంకెంత వసూలు చేస్తుందో ఆలోచించండి. నాకు అసలు ఈ సబ్జెక్టే వద్దు.

చంద్రగిరి స్కాలర్:
ఎడ్యుకేషన్‌లో రీసెర్చ్ చేస్తున్నాను కాబట్టి ఒక మాట. పర్యావరణ విద్య అంటే ఎలా ఉండాలని 1977లో యునెస్కో, ఐక్యరాజ్యసమితి పర్యావరణ కార్యక్రమం కలిసి జార్జియాలోని త్బిలిసిలో పెద్ద సమావేశం పెట్టాయి. అక్కడ ఐదు లక్ష్యాలు పెట్టుకున్నారు: ఎరుక, జ్ఞానం, వైఖరి, నైపుణ్యం, పాల్గొనడం. మన స్కూళ్లు మొదటి రెండింటి దగ్గరే ఆగిపోతున్నాయి. మార్కులు ఉండాలా వద్దా అన్నది ఆ తర్వాత మాట.

ఇంకోటి. పిల్లలకు చెప్తే పెద్దలు కూడా మారతారు. అమెరికాలో నార్త్ కరొలైనా మిడిల్ స్కూళ్లలో వాతావరణ మార్పు గురించి పాఠాలు చెప్పి, ఇంట్లో తల్లిదండ్రుల ఆలోచన మారిందా అని చూశారు. 2019లో ఫలితాలు వచ్చాయి. మారింది. ముఖ్యంగా తండ్రుల్లో, ఈ విషయం పెద్దగా పట్టించుకోని కుటుంబాల్లో ఎక్కువ మార్పు కనిపించింది. అందులోనూ కూతుళ్లు చెప్తే ఇంకా బాగా పనిచేసింది.

ఆర్సీ రోడ్డు:
పాఠాలతో ఎవరు మారారు మేడం? తిరుమల కొండ మీద ప్లాస్టిక్ బాటిళ్లు ఆగింది పాఠం విని కాదు, నిషేధం పెట్టి గాజు బాటిళ్లు తెచ్చినాక. అదే మనిషి కొండ దిగి బస్టాండులో బాటిల్ ఎక్కడ పడితే అక్కడ పారేస్తాడు. రూలు ఉంటే చాలు.

కుప్పం కుర్రోడు:
రూలు కొండ కింద కూడా ఉందన్నా. 2022 జులై నుంచి దేశమంతా స్ట్రాలు, ప్లాస్టిక్ ప్లేట్లు బంద్ అన్నారు. మా ఊరి పెళ్లిళ్లలో వచ్చి చూడు.

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
స్కాలరమ్మ పరిశోధన తెచ్చింది కాబట్టి నేనూ చెప్తాను. హంగర్‌ఫోర్డ్, వోల్క్ అని పర్యావరణ విద్య పరిశోధకులు ఇద్దరు 1990లో ఒక వ్యాసం రాశారు. విషయం తెలిస్తే ఎరుక వస్తుంది, ఎరుక వస్తే నడవడిక మారుతుంది అని అందరం అనుకుంటాం కదా, పరిశోధనలు దాన్ని బలపరచడం లేదని వాళ్లు తేల్చారు. పరీక్షలో కొలిచేది విషయమే. మరి మాస్టారు మార్కులు పెట్టి దేన్ని కొలుస్తారు? లూయిస్ చౌలా అనే పరిశోధకురాలు పర్యావరణం కోసం పనిచేసేవాళ్లను, మీకిది ఎలా అబ్బిందని అడిగితే, చాలామంది చిన్నప్పుడు ఆరుబయట తిరగడం గురించి, వెంట తీసుకెళ్లిన ఇంటి పెద్దల గురించి చెప్పారు. మదనపల్లె పక్కన రిషివ్యాలీ స్కూలు చూడండి. బీడు కొండల్లో చెట్లు పెంచారు, 1991లో ఆ లోయ పక్షుల రక్షిత ప్రాంతమైంది. అక్కడి పిల్లలు పక్షుల మధ్య పెరుగుతారు. చదువంటే అది.

పలమనేరు మాస్టారు:
రిషివ్యాలీలో ఫీజు కట్టగలిగినవాళ్లు ఎంతమంది సార్? మా బడి పిల్లలకు అడవిని ఎవరూ చూపించక్కర్లేదు. కౌండిన్య అభయారణ్యం మాకు పక్కనే. రాత్రి ఏనుగులు చేలోకి వస్తే నాన్నతోపాటు మంచె మీద కాపలా ఉండి, పొద్దున క్లాసులో నిద్రపోయే పిల్లలు ఉన్నారు నాకు. ప్రకృతి మీద ప్రేమ పెంచుకోండి అని వాళ్లకు చెప్పడానికి నోరు రాదు.

మీరు చెప్పిన ఆ వ్యాసం మిగతా సగం కూడా చెప్పండి. విషయం ఒక్కటే చాలదు, తమ ఊరి సమస్యను తామే విచారించే నైపుణ్యం, మన వల్ల అవుతుందన్న నమ్మకం ఉంటేనే మనిషి కదులుతాడని అందులోనే ఉంది. నేను చేసింది అదే. పిల్లల్ని తీసుకుని ఊరి చెరువు చుట్టూ తిరిగాను. కట్ట, తూము, నిండితే నీళ్లు బయటికి పోయే మొరవ, నీళ్లు వచ్చే వంక, అన్నీ గీయించాను. చెరువు నీళ్లు పొలాలకు వదిలే ముసలి నీరుగంటిని కూర్చోబెట్టి, వంక పూర్వం ఎంత వెడల్పు ఉండేదో చెప్పించాను. ఇప్పుడు ఎంతుందో పిల్లలు తాడు పట్టి కొలిచారు.

చంద్రగిరి స్కాలర్:
ఇది చాలా బాగుంది మాస్టారు గారూ. ఆ మ్యాపు ఫొటో పెట్టగలరా?

పలమనేరు మాస్టారు:
పెట్టలేనమ్మా. వంకను ఎవరి చేను ఎక్కడ కలుపుకుందో కూడా అందులో పడింది. తర్వాత వారం ఊరి పెద్దలు బడికి వచ్చారు. సిలబస్‌లో లేనివి చెప్పొద్దని నాకు పైనుంచి మాట వచ్చింది. మ్యాపు బీరువాలోకి పోయింది.

తిరుపతి నాన్న:
మంచి పని చేశారు వాళ్లు. పిల్లల చేత ఊళ్లో తగువులు పెట్టించడం చదువా?

పలమనేరు మాస్టారు:
తగువు పిల్లలు పెట్టలేదు. వంకను పూడ్చినవాళ్లు పెట్టారు.

తిరుపతి నాన్న:
మాస్టారూ, మీకు తెలియని మాట ఒకటి చెప్తా వినండి. 2021 నవంబరులో తిరుపతికి వరద వచ్చింది. స్వర్ణముఖి పొంగింది, రాయలచెరువు కట్ట తెగుతుందని ఊళ్లు ఖాళీ చేయించారు. మా ఇంట్లోకి మోకాలిలోతు నీళ్లు. బీరువా, ఫ్రిజ్, పాప పుస్తకాలు, అన్నీ పోయాయి. ఆ తర్వాత స్కూల్లో చెరువుల పాఠం చెప్పారు. పాప ఇంటికొచ్చి అందరి ముందూ అడిగింది: "నాన్నా, మనం చెరువులో ఇల్లు కట్టుకున్నామంట కదా, అందుకే వరద వచ్చిందంట కదా, మనది తప్పే కదా?" మా అమ్మ అక్కడే ఉంది. ఊళ్లో పొలం అమ్మి నాకు డబ్బిచ్చిన మనిషి ఆమె.

నేను దొంగతనంగా కట్టలేదు. అనుమతి ఉన్న లేఅవుట్ అన్నారు, ప్లాటు రిజిస్టర్ అయింది, బ్యాంకు కాగితాలు చూసి లోను ఇచ్చింది, ఇప్పటికీ కంతులు కడుతున్నా. మేడం గారు కూతుళ్లు చెప్తే తండ్రులు మారతారని అమెరికా లెక్క చెప్పారు. నేను ఏం మారాలి మేడం? ఇల్లు పడగొట్టాలా? మీ పాఠం నా బిడ్డ ముందు నన్ను ముద్దాయిని చేసింది. సంతకాలు పెట్టినవాళ్ల పేరు ఆ పాఠంలో ఒక్కచోట కూడా లేదు. అందుకే ఈ సబ్జెక్టే వద్దన్నా.

ఆర్సీ రోడ్డు:
నాలుగు రోజులు మా వీధిలోనూ నీళ్లున్నాయి అన్నా. నీ బాధ తెలుస్తా ఉంది.

చంద్రగిరి స్కాలర్:
అన్నా, పాప అడిగింది తప్పు కాదు. ఆమెకు సగం పాఠమే చెప్పారు. చెరువు ఎలా నిండుతుందో చెప్పి, చెరువు నేల ప్లాటుగా ఎలా మారుతుందో చెప్పకపోతే పిల్లకు ఎదురుగా కనిపించేది నాన్న ఒక్కడే. నార్త్ కరొలైనాలో కొలిచింది తండ్రులకు ఆందోళన పెరిగిందా అని. మీకు ఆందోళన లేకనా?

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
అందుకే అంటున్నా, చిన్నపిల్లలను కొండకు, చెట్లకు తీసుకెళ్లండి. ముందు ఇష్టం పెరగనివ్వండి. ఆక్రమణలు, అనుమతులు, ఇవన్నీ డిగ్రీలో చెప్పుకోవచ్చు.

పలమనేరు మాస్టారు:
సార్, నీళ్లు ఏడో తరగతి పిల్ల ఇంట్లోకి వచ్చాయి. డిగ్రీ దాకా ఆగలేదు.

నాన్నగారూ, మీ పాపకు చెప్పిన పాఠం నాకూ నచ్చలేదు. లైటు ఆర్పు, నీళ్లు కట్టేయి, మొక్క నాటు, ఇంట్లో వాళ్లకు చెప్పు. అంతా పిల్ల మీద, ఇంటి మీద వేసి చేతులు దులుపుకునే పాఠం అది. కానీ మా ఊరి పెద్దలు మ్యాపును బీరువాలో పెట్టించడం మంచి పని అని మీరన్నారు చూడండి, ఆ మ్యాపు లాంటిది మీ లేఅవుట్ వేసే ముందు ఎవరైనా గీసి గోడకు అంటించి ఉంటే మీరు ఆ ప్లాటు కొనేవారా?

తిరుపతి నాన్న:
కొనేవాణ్ని కాదు. కానీ అది ఏడో తరగతి పిల్లలు గీయాలా? గీయాల్సిన ఆఫీసులు లేవా?

పలమనేరు మాస్టారు:
ఉన్నాయి. వాళ్ల దగ్గర రెవెన్యూ మ్యాపులూ ఉన్నాయి. మీకు ఎవరైనా చూపించారా?

ఇప్పుడు మార్కులు ఎందుకు అడిగానో చెప్తాను. లెక్చరర్ గారు అనుకున్నట్టు పిల్లల్ని భయపెట్టి చదివించడానికి కాదు. 'సిలబస్‌లో లేదు' అన్న ఒక్క మాటతో నన్ను ఆపారు. ఊరి నీటివనరును కొలిచి మ్యాపు గీయాలి, దానికి ఇన్ని మార్కులు అని ప్రభుత్వ పుస్తకంలోనే ఉంటే, నన్ను ఆపడానికి వచ్చినవాళ్లకు ఆ పేజీ చూపిస్తాను. మార్కులు నాకు రక్షణ. నావంటి టీచరు ఊళ్లో ఒంటరిగా ఉంటాడు సార్.

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
ఈ మాట మొదట్లోనే చెప్పి ఉండాల్సింది మాస్టారూ. మీ భయం నాకు అర్థమైంది. అయినా నేను ఒప్పుకోను. మీకు రక్షణ కావాలంటే జీవో అడగండి, ఫీల్డ్ వర్క్‌కు వెళ్లే టీచర్ను ఆపకూడదని ఉత్తర్వు అడగండి. మార్కులు పెట్టిన మర్నాడు ఊరి చెరువు మ్యాపు కూడా షాపులో దొరుకుతుంది. అందులో వంక పూర్వపు వెడల్పే ఉంటుంది, కొలిచిన వెడల్పు ఉండదు. అప్పుడు ఆక్రమణే లేదని మీ పిల్లల రికార్డులే సాక్ష్యం చెప్తాయి.

పలమనేరు మాస్టారు:
జీవోలు చాలా చూశాం సార్. బీరువాలో మ్యాపు పక్కనే అవీ ఉంటాయి.

తిరుపతి నాన్న:
మార్కుల సంగతి మీరిద్దరూ తేల్చుకోండి. నాదొక షరతు. మ్యాపులో ఇళ్లు ఎవరివో పేర్లు రాయొద్దు. లేఅవుట్‌కు ఏ సంవత్సరం అనుమతి వచ్చింది, ఎవరు ఇచ్చారు, అది రాయించండి. మా లేఅవుట్ ప్లాన్ కాపీ నా దగ్గర ఉంది. అందులో వంక గీత ఉందా లేదా చూసి చెప్పగలరా?

పలమనేరు మాస్టారు:
చెప్తాను. సర్వే నంబర్లు కనిపించేటట్టు ఫొటో తీసి మెసేజ్‌లో పంపండి, ఇక్కడ పెట్టొద్దు. పాత గ్రామ పటం పక్కన పెట్టి చూడాలి. పాపకు ఇష్టమైతే ఆమెను కూడా పక్కన కూర్చోబెట్టుకోండి.

రిటైర్డ్ లెక్చరర్, తిరుపతి:
పాత పటం చదవడంలో సాయం కావాలంటే నన్ను అడగండి. మార్కుల దగ్గర మాత్రం నా మాట అదే.