జమ్మి ఆకు, బెల్లం, మెడలో గొలుసు: అన్నిటికీ బంగారం అనే పేరే ఎందుకు?

నకిరేకల్ ఆడబిడ్డ అడిగారు:

అందరికీ నమస్తే. మాది నకిరేకల్ దగ్గర ఊరు. పెండ్లయ్యాక హైదరాబాద్‌లో ఉంటున్నాం. మా బాబు ఐదో తరగతి. మొన్న తెలుగు హోంవర్క్‌లో "బంగారం" అనే మాటకు నానార్థాలు రాయమన్నారు. వాడు ఎవరినీ అడగకుండా రాసుకుపోయాడు: మెడలో వేసుకునేది, దసరా నాడు తాతకు ఇచ్చే జమ్మి ఆకు, మేడారంలో సమ్మక్క సారలమ్మలకు ఇచ్చే బెల్లం, పత్తి, ఆఖరున "నేను". ఆఖరుది ఎందుకంటే మా అత్తమ్మ వాణ్ని పేరు పెట్టి పిలవదు, ఎప్పుడూ "బంగారం" అనే పిలుస్తుంది.

నోట్‌బుక్ తిరిగి వచ్చేసరికి మొదటిది తప్ప అన్నీ కొట్టేసి ఉన్నాయి. పక్కన "స్వర్ణం, ధనం" అని రాశారు. మార్కుల గురించి కాదు నా బాధ. వాడు నా దగ్గరికి వచ్చి "అయితే తాత నాకు అబద్ధం చెప్పిండా?" అని అడిగాడు. పోయిన దసరాకు మా నాన్న వాణ్ని చేయి పట్టుకొని ఊరవతల జమ్మి దగ్గరికి తీసుకుపోయి, ఆకు తెంపించి, "ఇది బంగారం రా, పెద్దోళ్ల చేతుల పెట్టి కాళ్లు మొక్కు" అన్నాడు. ఆ ఆకులు కొన్ని ఇప్పటికీ వాడి పెన్సిల్ బాక్సులో ఉన్నాయి.

వాడు రాసిన అర్థాలు నిజంగా తప్పా? మన వైపు ఇన్నింటిని బంగారం అని ఎందుకంటారు? తెలిసినవాళ్లు చెప్పండి. వాడికి సరైన జవాబు చెప్పాలి.

జడ్చర్ల తమ్ముడు:

తాత అబద్ధం చెప్పలేదని ముందు పిల్లవాడికి చెప్పక్కా. మా పాలమూరు వైపు కూడా దసరా నాడు ఎవరూ "జమ్మి తీసుకో" అనరు, "బంగారం తీసుకో" అనే అంటారు. పొద్దున పాలపిట్టను చూస్తాం. సాయంత్రం జమ్మి కాడ "శమీ శమయతే పాపం" శ్లోకం కాగితం మీద రాసి, కింద ఇంటిల్లిపాది పేర్లు రాసి కొమ్మల్లో పెట్టి వస్తాం. మాది కిరాణం దుకాణం. ఇంటికొచ్చాక నాయిన చేసే మొదటి పని ఆ ఆకులు గల్లపెట్టెలో వేయడం. మళ్లీ దసరా దాకా అవి ఎండిపోయి చిల్లర మధ్యనే ఉంటాయి.

బెల్లం సంగతి కూడా అంతే. 2024 మేడారం జాతర ముందు మా చెల్లె ఎత్తు బెల్లం (మనిషి బరువుకు సమానంగా తూచి మొక్కు చెల్లించేది) కొనడానికి పోతే ఆధార్ కాపీ అడిగారు, గుడుంబా బట్టీలకు పోకుండా ఆ పద్ధతి పెట్టారట. దుకాణాయన కాగితం మీద బెల్లం అని రాసుకున్నాడు. నోటితో మాత్రం "ఎంత బంగారం కావాలె?" అనే అడిగాడు.

సూర్యాపేట మాస్టారు:

అమ్మా, నేను తెలుగు చెప్పి రిటైరైనవాణ్ని. ఆ టీచర్ గారు కొట్టేయడంలో కొంత న్యాయం ఉంది, కొంత లేదు. ఒక పదానికి నిఘంటువు ఇచ్చే వేర్వేరు అర్థాలు నానార్థాలు. ఒకే అర్థం ఉన్న వేర్వేరు పదాలు పర్యాయపదాలు. ఆ లెక్కన "స్వర్ణం" బంగారానికి నానార్థం కాదు, పర్యాయపదం. అంటే దిద్దినదాన్ని కూడా దిద్దాలి.

లోహమూ చెట్టూ ఒకే మాటలో ఉన్న అసలైన నానార్థం కావాలంటే "కనకం" ఉంది. కనకం అంటే బంగారం, ఉమ్మెత్త కూడా. అమరకోశం ఉమ్మెత్తకు చెప్పిన పేర్లలో "కనకాహ్వయం" ఒకటి, అంటే బంగారం పేరు గలది అని. డబ్బు కోసమైతే "అర్థం" అనే మాటనే చూడండి. భావమూ అర్థమే, ధనమూ అర్థమే. పరీక్షల్లో ఇలాంటివే అడుగుతారు.

మరి జమ్మి ఆకు? నిఘంటువులో ఉండేది వాచ్యార్థం. జనం ఒకదాని పేరు తెచ్చి ఇంకోదానికి పెడితే అది లక్ష్యార్థం. మీ బాబు రాసినవన్నీ ఈ రెండో రకం. తప్పులు కావు. వాటికి వేరే గడి గీయాలి, అంతే.

ఇంకో సంగతి చెప్పాలని ఉంది. "బంగారం" సంస్కృతంలోని "భృంగారం" నుంచి వచ్చింది. మన సొంత మాటలు పసిడి, పైడి. పచ్చ, పసుపు, పసరు, పసిడి అన్నీ ఒకే మూలానివని భాషావేత్తలు చెప్తారు. లోహం చేతికి వచ్చినప్పుడు మన పెద్దవాళ్లు దాని పేరును ఆకు రంగులోంచీ పసుపు కొమ్ములోంచీ తీసుకున్నారు. అంటే లోహమే చెట్టుచేమల దగ్గర పేరు అప్పు తెచ్చుకుంది. దసరా నాడు ఆకు ఆ పేరును తిరిగి తీసుకుంటే తప్పేముంది?

జమ్మికి ఆ పేరు రావడానికి రఘు మహారాజు కథ చెప్తారు. కౌత్సుడనే శిష్యుడు గురుదక్షిణ కోసం పద్నాలుగు కోట్లు అడగడానికి వస్తే, రఘువు కుబేరుని మీదికి బయలుదేరబోయాడు. తెల్లవారేసరికి కుబేరుడు బంగారం కురిపించాడు. కాళిదాసు రఘువంశంలో అది కోశాగారంలో కురిసింది. జనం నోట్లో మాత్రం చెట్టు మీద కురిసింది. మహారాష్ట్రలో ఇదే దసరాకు ఆరె చెట్టు ఆకును "సోనె" అని పంచుకుంటారు, ఆ చెట్టును వాళ్లు ఆప్టా అంటారు. నిజాం రాజ్యంలో మరాఠ్వాడా, తెలంగాణ కలిసే ఉండేవి కాబట్టి ఈ పండుగ పద్ధతులు దగ్గరగా ఉండడం నాకు సహజంగానే అనిపిస్తుంది.

దేవరకొండ ఔసులింటి బిడ్డ:

అందరూ ఆకు గురించీ బెల్లం గురించీ రాశారు. "ధనం" అనే అర్థాన్ని ఎవరూ ముట్టుకోలేదు. నేను పుట్టింది ఔసులోళ్ల (కంసాలుల) ఇంట్లో. ఆ అర్థం నేను పుస్తకంలో నేర్చుకోలేదు, మా ఇంటి అరుగు మీద చూశాను.

నాన్న కుంపటి ముందు కూర్చుంటే ఎడమ పక్కన సుత్తితో కొట్టే దాగలి, కుడి పక్కన ఒరగల్లు, వెనక చెక్కపెట్టెలో చిన్న త్రాసు. ఆ పెట్టెలో ఒక మూలకు గురిగింజలు ఉండేవి. ఎనిమిది గింజలు ఒక మాషం, పన్నెండు మాషాలు ఒక తులం. అంటే తులానికి తొంభై ఆరు గింజలు. నాకు ఊహ తెలిసేసరికే గ్రాముల రాళ్లు వచ్చేశాయి, అయినా నాన్న ఆ గింజలు పారేయలేదు. కంచెల మీద పాకే తీగ గింజతో బంగారం తూచారు మనవాళ్లు. అన్ని గింజలూ ఇంచుమించు ఒకే బరువు ఉంటాయని కనిపెట్టినవాళ్లకు దండం పెట్టాలి. అన్నట్టు అది విషపు గింజ, బాబుకు చూపిస్తే దూరం నుంచే చూపించండి.

మిరుగం (మృగశిర కార్తె) ముందర మా అరుగు నిండేది. దుక్కులయ్యాయి, విత్తనాలు తేవాలి, చేతిలో పైసా లేదు. ఆడవాళ్లు కొంగు ముడి విప్పి బంగారు గుండ్ల దండో, చెవి కమ్మలో నాన్న ముందు పెట్టేవాళ్లు. పుస్తెలు మాత్రం తీసేవాళ్లు కాదు. నాన్న ఒరగల్లు మీద గీసి, గీత రంగు చూసి, తూచి, పైసలు ఇచ్చి కుదువ పెట్టుకునేవాడు. ఒకామె కమ్మలు అక్కడే తీసి ఇచ్చి, చెవి తూట్లు పూడకుండా రెండు వేపపుల్లలు విరిచి పెట్టుకొని పోవడం నాకు ఇప్పటికీ కళ్లకు కట్టినట్టు ఉంటుంది. ఆ పుల్లల కొసలు ఆమె కొడవలితో సాపు చేసుకుంది. ఊర్లో పుల్లలున్న చెవులు చూసి, ఎవరింట్లో విత్తనాలు వచ్చాయో మా అమ్మ చెప్పేది.

కాలం అయి పంట పండితే సంక్రాంతి దాటాక వచ్చి ఇడిపించుకునేవాళ్లు. కాలం కాకపోతే మిత్తి కట్టి ఇంకో ఏడాదికి పెట్టేవాళ్లు. ఆ తరవాత కూడా కాకపోతే ఆ కమ్మలు ఇక వాళ్లవి కావు. కమ్మలు విత్తనాలైతయి, విత్తనాలు పంటైతయి, పంట పైసలైతది, పైసలు మళ్లీ కమ్మలైతయి. మాస్టారు వేరే గడి గీయమంటే గీయొచ్చు, కానీ మా అరుగు మీద లోహం, ధనం, చేను మూడూ ఒకటే.

అందుకే నా మాట ఇది: మన వైపు మెరిసేదానికల్లా బంగారం అని పేరు పెట్టలేదు. ఆపదకు అక్కరకొచ్చేదానికి పెట్టారు. జమ్మినే చూడండి. వానలు మొఖం చాటేసిన ఏడు కూడా ఆకు నిలబెట్టుకునే చెట్టు అది, వేళ్లు చాలా లోతుకు పోతాయి, మేకలకు దాని ఆకే మేత. రాజస్థాన్ ఎడారిలో కూడా ఊర్లను బతికించే చెట్టు అదే. మన రాష్ట్ర వృక్షం కూడా అదే కావడం నాకు చాలా సంతోషం. మనుమణ్ని బంగారం అనడం కూడా అంతే కదా, ముసలితనంలో ఆసరా అనే ఆశతోనే.

చండూరు రైతు:

అక్కా, మీరు రాసింది చదివితే మా అమ్మ యాదికొచ్చింది. ఆమె చెవుల్లోనూ పుల్లలు చూసినోణ్ణే.

ఒక్క విషయంలో మాత్రం ఆ టీచర్ వైపే ఉంటా. పిల్లవాడు పత్తిని రాశాడు కదా, అది కొట్టేసింది సరైన పనే. "తెల్ల బంగారం" అనే మాట పేపర్లలో చదివినం, మీటింగుల్లో విన్నం. మా ఇంట్లో, మా చేలో ఎవరూ పత్తిని బంగారం అనలేదు. జమ్మికి ఆ పేరు ఊరు పెట్టింది. పత్తికి ఆ పేరు కొనేటోళ్లు, అమ్మించేటోళ్లు పెట్టారు.

2025-26కు పొడుగు పింజ పత్తికి మద్దతు ధర క్వింటాలుకు 8,110 రూపాయలు. తేమ 8 శాతం దాటితే ధరలో కోత, 12 దాటితే అసలు తీసుకోరు. అక్టోబర్‌లో ముసురు పట్టిందంటే కాయ పగిలిన పత్తి చెట్టు మీదనే నల్లబడుతుంది. మళ్లీ ఇంటికి తెచ్చి ఆరబోయాలి, తిప్పి తిప్పి వేయాలి, అప్పటిదాకా బండి కిరాయి, కూలీల పైసలు ఆగవు. ఏరే ఆడవాళ్ల వేళ్లు ఒకసారి చూడండి. ఎండిన కాయ మొనలు గోరు పక్కన గుచ్చుకొని చీలికలు పడతాయి, రాత్రికి కొబ్బరినూనె రాసుకుంటారు. దానికి బంగారం అని పేరు పెట్టడం నాకు నచ్చదు. మా చెల్క భూమిలో కంది వేసిన ఏడు ఇంట్లకు పప్పన్నా మిగిలింది, దాన్ని బంగారం అంటే ఒప్పుకుంటా.

గద్వాల నుంచి:

నిజమైన బంగారం గురించి కూడా ఒక మాట. మా నడిగడ్డ (కృష్ణ, తుంగభద్రల నడుమ నేల) పక్కనే రాయచూరు జిల్లా, అక్కడి హట్టి గనిలో ఇప్పటికీ బంగారం తీస్తున్నారు. పలుగురాయి చారల్లో ఉంటుంది, కంటికి కనిపించదు. టన్ను రాయి పిండి చేస్తే వచ్చేది కొన్ని గ్రాములే. గద్వాల కింద కూడా అదే తరహా పాత రాతి పట్టీ ఉంది, భూగర్భ శాఖ వాళ్లు వెతికిన చోటే. బాబుకు చెప్పండి, లోహం కూడా ప్రకృతిలోదే, దుకాణంలో పుట్టదని.

నకిరేకల్ ఆడబిడ్డ:

అందరికీ పేరుపేరునా దండాలు. మాస్టారు చెప్పినట్టు రెండు గడులు గీసి, ఒకదాంట్లో కనకం, అర్థం, ఇంకోదాంట్లో జమ్మి, బెల్లం రాసుకున్నాడు. పత్తి తీసేయమంటే ముందు ఒప్పుకోలేదు. రైతన్న రాసింది చదివి వినిపించాక తనే కొట్టేశాడు. "నేను" మాత్రం ఉంచుకున్నాడు. రేపు టీచర్‌కు చూపిస్తాడు.

ఔసులింటి అక్కా, తులం మాట వచ్చింది కాబట్టి అడుగుతున్నా. మా నానమ్మ బంగారు గుండ్ల దండ అమ్మ దగ్గరుంది. పాత చీటీలో మూడు తులాలు అని ఉంది. మొన్న తూకం వేయిస్తే 35 గ్రాములు వచ్చింది. షాపులో మూడున్నర తులాలు అన్నారు. ఏది నిజం?

దేవరకొండ ఔసులింటి బిడ్డ:

రెండూ నిజమే చెల్లె. పాత తులం 11.66 గ్రాములు, బ్రిటిష్ కాలపు వెండి రూపాయి బరువు కూడా అదే. ఇప్పుడు దుకాణాల్లో లెక్క సులువుగా ఉండాలని 10 గ్రాములనే తులం అంటున్నారు. పాత మూడు తులాలు కొత్త మూడున్నర అవుతుంది. ఎవరితో మాట్లాడినా తులాల్లో కాదు, గ్రాముల్లో మాట్లాడండి.

ఇంకొకటి. పాత గుండ్లు చాలా వరకు లోపల బోలుగా ఉంటాయి, సొట్ట పడకుండా లక్క నింపేవాళ్లు. మీ 35 గ్రాముల్లో లక్క ఎంతో, బంగారం ఎంతో తెలియాలంటే పాత పని తెలిసిన ఔసులాయనకు చూపించండి. అమ్మే అవసరం లేకపోతే కరిగించొద్దు. కరిగించి కొత్తది చేయిస్తే తరుగు ఒకసారి, మజూరి ఒకసారి పోతుంది, అలాంటి గుండ్లు చేసే చేతులు కూడా ఇప్పుడు తక్కువ. దారం మాత్రం మార్పించండి, పాత పట్టుదారం లోపలే చివికి ఉంటుంది.