అప్‌డేట్: మా పిల్లి కంబళిని పాదాలతో పిసకడం, అంచు చీకడం గురించి

మా ఆడపిల్లి ఉన్ని కంబళిని ముందు పాదాలతో మార్చి మార్చి నొక్కుతూ, అంచు చీకుతూ చొంగ కారుస్తోందని, అది ఆకలా, నట్టలా, ఎదకు రావడమా అని ఇక్కడ అడిగాను. సమాధానాలిచ్చిన వారందరికీ కృతజ్ఞతలు. పశువైద్యురాలికి చూపించాక విషయం తేలింది.

ఆమె ముందుగా పెదవి పైకెత్తి చిగుళ్లు, పళ్లు పరీక్షించారు. చొంగ రోజంతా కారితే నోటి జబ్బు కావచ్చునట. మా పిల్లికి పిసికేటప్పుడు మాత్రమే, అదీ గురగురలాడుతూ కళ్లు సగం మూసుకున్నప్పుడే కారుతుంది కనుక అది హాయికి గుర్తేనన్నారు. కూనలు తల్లి పొట్టను నొక్కితే పాలు చేపుకు వస్తాయని, ఆ అలవాటే చాలా పిల్లుల్లో పెద్దయ్యాకా మెత్తటి వస్తువు దొరికినప్పుడల్లా బయటపడుతుందని ఇక్కడ ఒకరు రాసిన వివరణనే ఆమె కూడా చెప్పారు. పాదాల్లోని గ్రంథుల వాసనను ఆ చోట అంటించడం కూడా ఇందులో ఉందట.

నట్టల మందు సమయానికే పడుతోంది, పిల్లలు పుట్టకుండా ఆపరేషనూ అయింది కనుక ఆ అనుమానాలు అనవసరమని తేలింది. ఒడిలో పిసికితే కసిరి దింపేయమని ఇక్కడ వచ్చిన సలహాను ఆమె కొట్టిపారేశారు, నాకూ అది మొదటినుంచీ నచ్చలేదు.

గోళ్లు గుచ్చుకోకుండా పనికొచ్చినవి ఒడిలో మందపాటి నూలు బొంత వేసుకోవడం, లోపలి గులాబీరంగు భాగం తగలకుండా గోళ్ల కొనలు మాత్రమే కత్తిరించడం. కంబళిని మాత్రం బీరువాలో పెట్టేశాం, ఎందుకంటే ఉన్ని పోగులు మింగితే పేగులకు అడ్డుపడే ప్రమాదముంది. వాంతులైనా, తిండి మానేసినా వెంటనే తీసుకురమ్మన్నారు. బొంతను పిసుకుతోంది కానీ చీకడం లేదు.