‘అబద్ధం వా సుబద్ధం వా’: తాటాకు ప్రతి చివరి శ్లోకంలో అబద్ధం అంటే ఏమిటి?

ప్రశ్న

చెన్నై ప్రాచ్యలిఖిత భాండాగారంలోని ఒక తాళపత్ర ప్రతి ఫొటో చూశాను. కావ్యం అయిపోయాక చివరి ఆకు మీద ఈ శ్లోకం ఉంది:

యాదృశం పుస్తకం దృష్ట్వా తాదృశం లిఖితం మయా
అబద్ధం వా సుబద్ధం వా మమ దోషో న విద్యతే

‘ఎలాంటి పుస్తకం చూశానో అలాగే రాశాను’ అన్నంతవరకు అర్థమైంది. రెండో వరుస దగ్గర ఆగిపోయాను. ‘అబద్ధమైనా నిజమైనా నా తప్పు లేదు’ అంటున్నాడా? భక్తితో కావ్యం రాసుకున్న మనిషి అందులో అబద్ధాలుండొచ్చని అంటాడా? తెలిసినవారు చెప్పగలరు.

జవాబు

అబద్ధం అనగానే మనకు బొంకు గుర్తొస్తుంది కాబట్టి అలా అనిపిస్తుందండీ. ఇక్కడ ఆ అర్థం కాదు. బద్ధం అంటే కట్టినది. అబద్ధం అంటే కట్టు కుదరనిది, పొసగనిది. అమరసింహుడి సంస్కృత నిఘంటువు అమరకోశంలో ‘అబద్ధం స్యాదనర్థకమ్’ అని ఉంది. అంటే అర్థం లేని మాట అబద్ధం. బొంకుకు అమరసింహుడు వేరే మాటలు చెప్పాడు: ‘వితథం త్వనృతం వచః’, అంటే వితథం, అనృతం అని. సంస్కృతంలో ఈ రెండూ వేర్వేరు సంగతులు. మనం తెలుగులో అబద్ధాన్ని అనృతం చోట కూర్చోబెట్టాం.

పాత అర్థం మన నోట్లోంచి పూర్తిగా పోలేదు. ‘అసంబద్ధంగా మాట్లాడకు’ అంటే బొంకొద్దని కాదు కదా, ఒకదానికొకటి అతకకుండా మాట్లాడొద్దని. అందుకని ఆ వరుసకు ‘పాఠం సరిగా ఉన్నా లేకున్నా, ఆ దోషం నాది కాదు’ అని చెప్పుకోవాలి.

మరొకరు

మలయాళంలో ఇప్పటికీ అబద్ధం అంటే పొరపాటే. మలయాళీ స్నేహితులు ‘అబద్ధం పట్టి’ అంటే పొరపాటు జరిగిపోయిందని అర్థం. తమిళంలో ‘అపత్తం’ అన్నా అర్థంపర్థం లేనిదనే. మనం చిన్నప్పుడు నవ్వుకుంటూ చెప్పుకున్న ‘అబద్ధం వా సుబద్ధం వా కుంతీపుత్రో వినాయకః’లో కూడా ఇదే అర్థం అనుకుంటా. తప్పో ఒప్పో, వినాయకుడు కుంతి కొడుకే అని మొండికేయడం.

ఇంకొకరు

అర్థం సరే. కానీ ఏ అర్థం చెప్పుకున్నా ఇది తప్పించుకునే మాటలాగే ఉంది. ఎదురుగా తప్పు కనబడుతుంటే దిద్దొచ్చుగా? చదువుకున్నవాడే కదా.

జవాబు

మీరన్నదానితో నేను ఏకీభవించలేను. ఆ శ్లోకం సాకు కాదు, సాక్ష్యం. ‘నేను నా తెలివి ఇందులో కలపలేదు’ అని వ్రాయసకాడు, అంటే ప్రతి రాసినవాడు, ఇచ్చే మాట. మనకు దానికంటే విలువైనది ఇంకొకటి లేదు.

ఎందుకో చెప్తాను. వ్రాయసకాడికి తెలియని పాతమాట ఒకటి మాతృకలో, అంటే తను చూసి రాస్తున్న ప్రతిలో, వచ్చిందనుకోండి. అది తప్పని అనుకుని, దాని చోట తనకు తెలిసిన మాట గణాలు చెడకుండా పెట్టేశాడనుకోండి. పద్యం నున్నగా నడుస్తుంది, అర్థం కూడా ఏదో వస్తుంది. కవి రాసిన మాట మాత్రం ఆ రోజుతో పోయింది, పోయినట్టు ఎవరికీ తెలియదు కూడా. అదే, అర్థం కాకపోయినా ఉన్నది ఉన్నట్టు గీశాడనుకోండి, ఆ తప్పు అక్కడే నిలబడి ఉంటుంది. తరవాత వచ్చే పండితుడు పట్టుకుంటాడు. మన పద్యానికి యతిప్రాసలు ఉండటం ఇక్కడ పెద్ద కలిసొచ్చే విషయం. మూడు పాదాల్లో రెండో అక్షరం ‘ధ’ ఉండి నాలుగో పాదంలో ‘ద’ కనిపిస్తే, కింద గీయాల్సిన చిన్న గీత ఎక్కడో జారిపోయిందని వెంటనే తెలిసిపోతుంది. మంచి ఉద్దేశంతో దిద్దినవాడు ఈ ఆనవాలునే చెరిపేస్తాడు.

మీరు ఫొటో చూసిన భాండాగారంలో కంపెనీ కాలపు దొరలు మెకంజీ, లేడెన్, సి.పి. బ్రౌన్ సేకరణలు ఉన్నాయి. బ్రౌన్ పద్ధతి చూడండి. ఒక్కో కావ్యానికి దొరికినన్ని ప్రతులు తెప్పించేవాడు. వాటికి నకళ్లు రాయించి, పండితులను కూర్చోబెట్టి పాఠాలు పోల్పించి, ఆ తరవాతే శుద్ధప్రతి తయారు చేయించేవాడు. 1829లో వేమన పద్యాలు అచ్చువేసే ముందు కూడా చేతికొచ్చిన ప్రతులు ఒకదానితో ఒకటి కలవక ఇదే పని పడింది. పోల్చి చూడటం అనేది ఎప్పుడు పనికొస్తుంది? ప్రతి వ్రాయసకాడూ తన మాతృకకు కట్టుబడి ఉంటేనే. ఎవరికి తోచినట్టు వాళ్లు దిద్దేసి ఉంటే పది ప్రతులు పది కావ్యాలయ్యేవి. దిద్దినవాళ్లు లేరని నేననను, ఉన్నారు. ‘యాదృశం’ అని రాసి కూడా దిద్దినవాళ్లు ఉండే ఉంటారు. అయినా పాటించాల్సిన నియమం ఏమిటో వాళ్లందరికీ తెలుసు.

ఇక చేతి తప్పుల సంగతి. తాటాకు మీద గంటంతో గీస్తున్నప్పుడు అక్షరం సరిగా కనబడదు. సన్నటి గాటు పడుతుంది, అంతే. ఆకు నిండాక మసి పూసి తుడిస్తేనే ఆ గాట్లలో నలుపు నిలిచి అక్షరాలు తేలతాయి. అప్పుడు తప్పు కనబడినా, గాటు గాటే, చెరగదు. ఎడమచేతిలో ఆకు, కుడిచేతిలో గంటం, మాటకూ మాటకూ మధ్య ఖాళీ వదలని రాత. ఇంత కష్టంలో పుట్టినదే ఇంకో చివరి శ్లోకం:

భగ్నపృష్ఠః కటిగ్రీవః స్తబ్ధదృష్టిరధోముఖః
కష్టేన లిఖితం గ్రంథం యత్నేన పరిపాలయేత్

వీపు, నడుము, మెడ విరిగిపోయేలా, చూపు కొయ్యబారేలా, తల వంచుకుని కష్టపడి రాశాను, జాగ్రత్తగా కాపాడండి అని. వ్యాకరణం అంత కుదురుగా లేదు, కానీ అందులోని నొప్పి నిజం. నాకు మాత్రం వీటన్నిటికంటే ఇష్టమైనది ‘కరకృతమపరాధం క్షంతుమర్హంతి సంతః’ అన్న పాదం. చేయి చేసిన తప్పును సజ్జనులు మన్నించాలి అంటాడు. మాతృకలోని దోషానికి ‘యాదృశం’, తన చేతి దోషానికి ‘కరకృతం’. ఏ తప్పుకు ఎవరు బాధ్యులో ఇంత స్పష్టంగా విడదీసి చెప్పుకున్న మనిషిని తప్పించుకుంటున్నాడని ఎలా అంటాం?

ప్రశ్న వేసినవారు

చాలా సంతోషమండీ. ఒక అనుమానం మిగిలింది. ఇంకో చోట ఇదే శ్లోకం ‘యది శుద్ధమశుద్ధం వా’ అని చూశాను. ఉన్నది ఉన్నట్టు రాశానని చెప్పే శ్లోకమే రెండు రకాలుగా ఎందుకుంది?

జవాబు

ఎందుకంటే ఆ ఒక్క శ్లోకాన్ని మాత్రం మాతృక చూసి రాయనక్కర్లేదు. కావ్యం మాతృకలోంచి వస్తుంది, చివరి శ్లోకం వ్రాయసకాడి నోటిలోంచి వస్తుంది. గురువు దగ్గర ఎలా విన్నాడో అలా రాస్తాడు. ఈ శ్లోకపు ఛందస్సైన అనుష్టుప్పులో రెండు పాఠాలూ చక్కగా ఇముడుతాయి కాబట్టి ఛందస్సు తీర్పు చెప్పదు. ‘దోషో న విద్యతే’ బదులు ‘దోషో న దీయతే’ కూడా కనిపిస్తుంది. నన్నడిగితే వీటిలో ఏది అసలుదని వెతకడం కంటే, ఏది ఏ ప్రాంతపు ప్రతుల్లో ఎక్కువో చూడటం మేలు. తంజావూరు సరస్వతీ మహల్ గ్రంథాలయం అందుకు మంచి చోటు. నాయకరాజుల కాలం నుంచి చేరుతూ వచ్చిన తాటాకులూ, మరాఠా రాజు శరభోజి కాశీ నుంచి తెప్పించిన ప్రతులూ అక్కడ ఒకే కప్పు కింద ఉన్నాయి. తెలుగు లిపిలో రాసిన సంస్కృత గ్రంథాలు కూడా ఉన్నాయి. అక్కడికి వెళ్లగలిగిన పరిశోధక విద్యార్థులు ఎవరైనా చివరి ఆకుల మీది శ్లోకాలనే వరసగా రాసుకొస్తే ఎంత బాగుంటుందో.

మరొకరు

‘తైలాద్రక్షేజ్జలాద్రక్షేత్’ అని మొదలయ్యేది కూడా ఈ కోవలోదేనా? తాటాకులకు నూనె రాస్తారని విన్నాను. మరి నూనె నుంచి కాపాడమనడం ఏమిటి?

జవాబు

ఈ కోవలోదే. ‘రక్షేచ్ఛిథిలబంధనాత్, మూర్ఖహస్తే న దాతవ్యమేవం వదతి పుస్తకమ్’ అని ముగుస్తుంది. నూనె నుంచి, నీటి నుంచి, వదులైన కట్టు నుంచి కాపాడు, మూర్ఖుడి చేతికివ్వకు అని పుస్తకమే చెబుతోందట. మీరు విన్నదీ నిజమే. ఎండి పెళుసెక్కిన ఆకు విరగకుండా, పురుగు పట్టకుండా ఇప్పటికీ భాండాగారాల్లో నిమ్మగడ్డి నూనె రాస్తారు. కాగితం ప్రతికి మాత్రం నూనె మరక పడితే ఇక పోదు, అక్షరం అవతలి పక్కకు కనబడుతుంది. తాటాకుకైనా దీపం నూనె ఒలికితే దుమ్ము పట్టి జిడ్డవుతుంది, ఆకులు ఒకదానికొకటి అంటుకుంటాయి. శ్లోకం భయపడేది ఆ ఒలికిన నూనెకేనని నేననుకుంటున్నాను.