లష్కర్ అంటే ఏ ఊరు?

ప్రశ్న:
మా నాయనమ్మ నోట సికింద్రాబాద్ అన్న మాట నేనెప్పుడూ వినలేదు. "లష్కర్ పోయొస్త" అనేది. చిన్నప్పుడు అదేదో వేరే ఊరనుకునేదాన్ని. ఆషాఢం వస్తే టీవీల్లో కూడా "లష్కర్ బోనాలు" అంటారు. అక్కడి ఉజ్జయిని మహంకాళి అమ్మవారితో పాటే ఆ పదమూ ఉజ్జయిని నుంచి వచ్చిందని మా ఆఫీసులో ఒక సార్ చెప్పారు. నిజమేనా?

జవాబు:
కాదమ్మా. అమ్మవారు ఉజ్జయిని నుంచే, పదం మాత్రం ఫారసీ. లష్కర్ అంటే సైన్యం, దండు. 1798లో నిజాం అలీఖాన్ ఈస్ట్ ఇండియా కంపెనీతో ఒప్పందం చేసుకున్నాక కంపెనీ పటాలాలు హుస్సేన్‌సాగర్‌కు ఉత్తరాన ఖాళీ నేలలో డేరాలు వేసుకున్నాయి. సైన్యం వాళ్లది, ఖర్చు నిజాంది! మూడో నిజాం సికందర్ జా పేరు మీద సికింద్రాబాద్ అనడం 1806 నుంచి. మరి మధ్యలో ఎనిమిదేళ్లు? గడ్డిమోపు ఎత్తుకుని అటు పోయేవాడిని ఎక్కడికని అడిగితే ఏమని ఉంటాడు? "లష్కర్‌కు" అనే అని ఉంటాడు. ఇది నా ఊహే, రుజువు అడగకండి.

దండు దిగిన చోటును దండు అనే పిలవడం మన దగ్గరే కాదు. గ్వాలియర్‌లో సింధియా సైన్యం దిగిన చోటు నేటికీ లష్కరే. బెంగళూరు కంటోన్మెంట్‌ను కన్నడంలో "దండు" అనేవాళ్లు, అక్కడ దండు మారియమ్మ గుడి ఉంది. అక్కడా అమ్మవారే చూడండి.

ఇక మన అమ్మవారి కథ. సురిటి అప్పయ్య అనే ఆయన మిలటరీలో డోలీ మోసేవాడట. 1813లో ఆయన పటాలం ఉజ్జయినిలో ఉండగా ఇక్కడ కలరా వచ్చింది. ఊరు బాగుపడితే గుడి కడతానని మొక్కుకుని, 1815లో తిరిగొచ్చి అమ్మవారిని నిలిపాడని చెబుతారు. లష్కర్‌లో పనిచేసే మనిషి మొక్కు అది. లష్కర్ బోనాలు కాక ఇంకేమంటారు?

మరో జవాబు:
అన్న చెప్పింది కరెక్టే. నేను బోయిన్‌పల్లిలో పుట్టిన, కొంచెం కలుపుత. మా దిక్కు పేర్లు చూస్తే సగం మిలటరీ వాసనే. పికెట్ అంటే కాపలా సిపాయిలు ఉండే చోటు. కార్ఖానా, రెజిమెంటల్ బజార్ సరే సరి. తిరుమలగిరి ఇంగ్లిష్ బోర్డుల మీద ట్రిముల్‌ఘెర్రీ అయి కూర్చుంది, అది చదివినప్పుడల్లా నాకు నవ్వొస్తది. దొరల పేర్లు తీసేసినా పూర్తిగా పోలేదు. జేమ్స్ స్ట్రీట్ రోడ్డు మహాత్మాగాంధీ రోడ్డయింది, ఎంఎంటీఎస్ స్టేషన్ మాత్రం జేమ్స్ స్ట్రీటే. కింగ్స్‌వే రాష్ట్రపతి రోడ్డయింది. లష్కర్ పేరు మార్చుదామని మాత్రం ఎవ్వరూ అనలే. బోర్డు మీద ఉంటే కదా మార్చేది!

ఇంకో మాట, కల్దార్. హుస్సేన్‌సాగర్ అవతల నిజాం సొంత రూపాయి హాలీ సిక్కా, ఇవతల ఇంగ్లిష్ వాళ్ల రూపాయి. దాన్ని కల్దార్ అనేటోళ్లు. కల్ అంటే మిషన్, మిషన్ మీద కొట్టిన రూపాయి. కట్ట దాటితే డబ్బులు మారినట్టే.

ఇంకొకరు:
మాది కృష్ణా డెల్టా. మాకు లస్కరంటే ఊరు కాదు, మనిషి. కాలువ గట్టు చూసుకుంటూ తూము తలుపులు ఎత్తే ఇరిగేషన్ ఉద్యోగి. చివరి పొలాలకు నీళ్లు అందాలంటే ఇంజనీరు కంటే ఆయన్ను మంచి చేసుకోవాలి. ఇది అదే మాటా? షకారం సకారం ఎందుకైంది?

మొదటి జవాబు ఇచ్చినవారు:
అదేనండీ, కాస్త చుట్టు తిరిగి వచ్చింది. లష్కరీ అంటే సైనికుడు. ఆ మాట పోర్చుగీసు వాళ్ల నోట పడి, ఇంగ్లిష్‌లో లాస్కర్ అయింది. ఓడల్లో పనిచేసే మన వైపు నావికులనూ, ఫిరంగుల దగ్గర సాయంచేసే కూలీలనూ అలాగే పిలిచారు. తర్వాత సర్కారు శాఖల్లో చిన్న ఉద్యోగానికి ఆ పేరే పెట్టారు. కాబట్టి మీ కాలువ గట్టు మీదికి సకారంతో వచ్చింది. హైదరాబాద్‌కు ఫారసీ, ఉర్దూ నుంచి నేరుగా వచ్చింది గనుక షకారం నిలిచింది.

ప్రశ్న అడిగినవారు:
థాంక్యూ అన్నా. రేపు ఆఫీసులో ఆ సార్‌కు ఇదంతా చూపిస్తా. మా నాయనమ్మ "కల్దార్ రూపాయి" అని కూడా అనేది, దొంగ రూపాయేమో అనుకున్నా ఇన్నాళ్లూ.