మిషిగన్‌లో చర్చి వాళ్లు పెట్టిన చిన్న కాలేజీ, పాపను పంపొచ్చా?

గ్రీమ్స్‌పేట రమణ:
అందరికీ నమస్కారం. మాది చిత్తూరు. మా అక్క కూతురికి అమెరికాలో, మిషిగన్ రాష్ట్రం హాలండ్ అనే ఊళ్లో హోప్ కాలేజీలో డిగ్రీ సీటొచ్చింది. కెమిస్ట్రీ చదవాలని పాప కోరిక. స్కాలర్‌షిప్ కొంత ఇస్తామన్నారు. కన్సల్టెన్సీ అబ్బాయి ఈ పేరే వినలేదంటాడు. యూనివర్సిటీ కాదంట, లిబరల్ ఆర్ట్స్ కాలేజీ అంట. మా బావేమో "ఆర్ట్స్ చదవడానికి అంత దూరం ఎందుకు, మన ఊళ్లో పీవీకేఎన్ కాలేజీ లేదా" అంటున్నాడు. అన్నిటికన్నా మా అమ్మతో కష్టంగా ఉంది. చర్చి పెట్టిన కాలేజీ అని విన్నప్పటి నుంచి ఆమెకు అన్నం సయించడం లేదు. ఈ కాలేజీ పుట్టుపూర్వోత్తరాలు తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి.

పీలేరు టు డల్లాస్:
బ్రో, పేరున్న స్టేట్ యూనివర్సిటీ చూసుకోండి. ఇక్కడ చిన్న ప్రైవేట్ కాలేజీలు కొన్ని పిల్లలు చేరక మూతపడుతున్నాయి. వీసా టెన్షన్ ఎలాగూ ఉంటుంది, దానికి తోడు ఎవరికీ తెలియని కాలేజీ ఎందుకు?

కట్టమంచి మేష్టారు:
రమణా, నేను చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైనవాణ్ని. మా వాడు గ్రాండ్ ర్యాపిడ్స్‌లో ఉంటాడు. అక్కడి నుంచి హాలండ్ కారులో ముప్పావుగంట కూడా పట్టదు. ఆ కాలేజీ ఆవరణలో తిరిగాను కాబట్టి కాస్త పొడుగ్గానే రాస్తాను, ఓపికుంటే చదువు.

ముందు మీ అమ్మగారి సంగతి. ఆమె ఎప్పుడైనా వేలూరు సీఎంసీ ఆసుపత్రికి వెళ్లారా? చిత్తూరులో ఉండి వెళ్లకుండా ఎట్లా ఉంటారులే. దాన్ని మొదలుపెట్టిన ఐడా స్కడ్డర్‌ను మన వైపు పంపిన చర్చే హోప్ కాలేజీనీ పెట్టింది. అమెరికాలో రిఫార్మ్‌డ్ చర్చి అంటారు, డచ్చివాళ్ల చర్చి. స్కడ్డర్ అన్నదమ్ములు 1853లో ఆర్కాట్ మిషన్ పెట్టినప్పుడు చిత్తూరు దాని తొలి కేంద్రాల్లో ఒకటి. అప్పటికి మనకు వేరే జిల్లా లేదు, 1911 దాకా ఉత్తర ఆర్కాటులోనే ఉన్నాం. మదనపల్లె ఎంఎల్ఎల్ ఆసుపత్రి కూడా వాళ్లదే. ఆసుపత్రికి పనికొచ్చిన చర్చి కాలేజీకి పనికిరాదా అని ఆమెను మెల్లగా అడిగి చూడు.

ఇంకోటి చెబితే నువ్వే ఆశ్చర్యపోతావు. హోప్‌లో ఆడపిల్లల కోసం 1907లో కట్టిన హాస్టల్ భవనం ఒకటుంది, వూర్హీస్ హాల్. ఎలిజబెత్ వూర్హీస్ అనే న్యూజెర్సీ ఆమె డబ్బిచ్చింది. వేలూరు వూర్హీస్ కాలేజీకి ఉన్నదీ ఆమె పేరే! అక్కడ ఆ బోర్డు చదివి నేను చాలాసేపు కదల్లేదు, మావాడు ఫోన్ చేసి పిలిచేదాకా. సర్వేపల్లి రాధాకృష్ణన్ చదివింది ఆ వేలూరు కాలేజీలోనే. అంతకుముందు తిరుపతిలో జర్మన్ లూథరన్ మిషన్ బడి, తర్వాత మద్రాసు క్రిస్టియన్ కాలేజీ. మూడూ మిషనరీలవే. ఆ క్రిస్టియన్ కాలేజీలో ఎం.ఏ.కి ఆయన రాసిన థీసిస్ దేనిమీదో తెలుసా? వేదాంతం మీద.

ఇక అసలు కథ. 1834లో నెదర్లాండ్స్‌లో కొందరు ప్రభుత్వ చర్చి నుంచి విడిపోయారు. అందుకు జరిమానాలు వేశారు, కొందరిని జైల్లో పెట్టారు. దానిమీద 1845లో బంగాళాదుంప పంటకు తెగులు, తిండికి కటకట. వాన్ రాల్టె అనే పాస్టర్ కొంతమందిని వెంటబెట్టుకుని 1847 ఫిబ్రవరిలో, గడ్డకట్టే చలిలో, మిషిగన్ సరస్సు దగ్గరి అడవిలో దిగాడు. అదే ఇప్పటి హాలండ్ ఊరు. చుట్టూ చిత్తడి నేల. ఆ ఏడాది ఎండాకాలంలోనే జ్వరాలతో చాలామంది పోయారు. అట్లాంటి ఊరు నాలుగేళ్లు తిరిగేసరికి, 1851లో బడి పెట్టింది. న్యూయార్క్ వైపు రెండొందల ఏళ్ల ముందే స్థిరపడిన పాత డచ్చి చర్చి సాయం చేసింది. కాలేజీకి స్థలం వాన్ రాల్టె ఇచ్చాడు.

పాస్టర్లు, టీచర్లు కావాలి, అదే వాళ్ల లెక్క. 1866లో ఆ బడికే హోప్ కాలేజీగా గుర్తింపు వచ్చింది. ఆ ఏడు పట్టా తీసుకున్నది ఎనిమిది మంది. మొదటి ప్రెసిడెంట్ ఫిలిప్ ఫెల్ప్స్‌కు దాన్ని పెద్ద యూనివర్సిటీ చేయాలని పట్టుదల. డబ్బు ఎక్కడిది? 1871 అక్టోబర్ 8న షికాగో తగలబడిందని మనం చదువుకున్నాం కదా, అదే రోజు హాలండ్ ఊరు కూడా దాదాపు బూడిదైంది. కాలేజీ మిగిలింది కానీ చందాలిచ్చే ఊరే లేదు. ఆ దెబ్బ, అప్పులు కలిసి యూనివర్సిటీ కల ఆగిపోయింది. పాస్టర్ల చదువు తర్వాత వేరే సంస్థగా విడిపోయింది. నన్నడిగితే అది చిన్నగా మిగలడం మంచిదే అయింది.

ఎందుకంటే, చిన్నది కాబట్టి ల్యాబులో ప్రొఫెసర్ పక్కనే డిగ్రీ పిల్లలు నిలబడి పరిశోధన చేస్తారు. పెద్ద యూనివర్సిటీలో ఆ చోటు పీహెచ్‌డీ వాళ్లది. 1996లో కెమిస్ట్రీ నోబెల్ అందుకున్న రిచర్డ్ స్మాలీ మొదటి రెండేళ్లు హోప్‌లోనే చదివాడు. తర్వాత మిషిగన్ యూనివర్సిటీకి మారాడు, అదీ చెప్పాలి. మీ బావకు చెప్పు, లిబరల్ ఆర్ట్స్ అంటే మన బి.ఏ. కాదు. కెమిస్ట్రీ మెయిన్‌గా చదువుతూనే చరిత్రో సంగీతమో కూడా చదవాల్సి వస్తుంది. సంగీతం చదివితే చెడిపోతారనుకుంటే దానికి నా దగ్గర మందు లేదు.

గ్రీమ్స్‌పేట రమణ:
సార్, వూర్హీస్ సంగతి మా అమ్మకు చదివి వినిపించాను. మా తాతయ్య కూడా వూర్హీస్‌లోనే ఇంటర్మీడియట్ చదివాడంట, ఆమే చెప్పింది! ఇన్నేళ్లలో ఎవరూ అనలేదు. కానీ ఇంకో ప్రశ్న వేసింది: రోజూ ప్రార్థనకు కూర్చోబెడతారా? వేరే దేశం పిల్లలు ఉంటారా అసలు?

పీలేరు టు డల్లాస్:
మేష్టారూ, చరిత్ర బాగుంది. ఫీజు ఎవరు కడతారు?

కట్టమంచి మేష్టారు:
చాపెల్‌లో, అంటే కాలేజీ ప్రార్థన మందిరంలో, వారానికి మూడు రోజులు ప్రార్థన జరుగుతుంది, వెళ్లడం పిల్లల ఇష్టం. మతం గురించిన కోర్సు మాత్రం చదవక తప్పదు, డిగ్రీలో అదొక భాగం. ఇది ముందే తెలిసి వెళ్లడం మేలు. చర్చి రంగు పూర్తిగా పోయిన కాలేజీ కాదది, దాచుకోరు కూడా. వేరే దేశం పిల్లలంటావా, 1879లోనే ఇద్దరు జపాన్ విద్యార్థులు అక్కడ పట్టా తీసుకున్నారు.

పీలేరు నాయనా, ఫీజు మాట న్యాయమైనదే. మూడు వేల పైచిలుకు పిల్లలున్న కాలేజీ అది, మూతపడే జాబితాలో వేయకు. కానీ ఖరీదు ఖరీదే. చదివేటప్పుడు ట్యూషన్ ఫీజు లేకుండా, ఉద్యోగం వచ్చాక తోచినంత తిరిగిచ్చే పద్ధతి ఒకటి 2021లో మొదలుపెట్టారు. అందరికీ ఇవ్వడానికి సరిపడా నిధి ఇంకా కూడలేదు, కొద్దిమందికే ఇస్తున్నారు. రమణా, స్కాలర్‌షిప్ ఉత్తరంలో అది నాలుగేళ్లకా, మొదటి ఏడాదికేనా, మార్కులు తగ్గితే ఆపేస్తారా, హాస్టల్, భోజనం అందులో కలిసి ఉన్నాయా చూడు. అర్థం కాకపోతే పాప చేతే అడ్మిషన్ ఆఫీసుకు మెయిల్ పెట్టించు. కన్సల్టెన్సీ అబ్బాయిని మాత్రం మధ్యలో పెట్టొద్దు.